రంగు కడుక్కున్న తరువాత

నాటకానికీ టెలివిజన్‌కూ పొసగదని నాటకాల వాళ్లూ అనేవారు, టెలివిజన్ వాళ్లూ అనేవారు. ఇద్దరి మాటలోనూ నిజముంది. అయినా నా ఉద్యోగ జీవితంలో ఎక్కువ భాగం ఆ ఇద్దరి మధ్య రాకపోకలతోనే గడిచింది. నేను ఏనాడూ ముఖానికి రంగు పూసుకున్నవాణ్ని కాను, నాటకం రాసినవాణ్ని కాను, పద్యం శ్రుతిలో చదవగలిగినవాణ్ని అసలే కాను. వేషం కట్టేవాళ్ల ఎదుట కుర్చీ వేసుకుని కూర్చుని, వాళ్లు చేసేది ఎలా చేస్తారో వాళ్ల నోటితోనే చెప్పించడం నా పని. నాటకాన్ని నాటకంగా చూపించినప్పటి కంటే, రంగు కడుక్కున్న నటుణ్ని తన పని గురించి మాట్లాడించినప్పుడే అది ప్రేక్షకుడి ఇంట్లోకి ఎక్కువగా వెళ్లిందని నా నమ్మకం.

హైదరాబాదులో దూరదర్శన్ కేంద్రం 1977 అక్టోబరు 23న మొదలైంది. అప్పట్లో ప్రసారాలు సాయంత్రం పూట కొన్ని గంటలే. 1982లో రంగులతో పాటు ఢిల్లీ నుంచి జాతీయ కార్యక్రమం కూడా వచ్చిన తరువాత తెలుగుకు మిగిలింది దానికి ముందున్న కాస్త సమయమే. వార్తలు, వ్యవసాయం, లలిత సంగీతం, పిల్లల కార్యక్రమాలు, నాటకాలు అన్నీ ఆ కాస్తలోనే ఇమడాలి. రాత్రి భోజనాలయ్యాక తెర లేచి, తెల్లవారుజామున మంగళం పాడే పద్యనాటకాన్ని అంత వ్యవధిలోకి దింపడమంటే కథ మిగులుతుంది గాని నాటకం మిగలదు. సమయం సంగతి అలా ఉంచినా, మైకులు లేని రోజుల్లో పందిరి చివర నేల మీద కూర్చున్నవాడికి సైతం ప్రతి అక్షరమూ వినబడాలని సాధన చేసిన గొంతు అది. కనుబొమ ఎగరేస్తే ఆఖరి వరుసకు తెలియాలని కాటుక దట్టంగా దిద్దిన ముఖం అది. ఆ గొంతునూ ఆ ముఖాన్నీ తీసుకొచ్చి కెమెరాకు దగ్గరగా నిలబెడితే, రంగస్థలం మీద గంభీరంగా ఉన్నది ఇంట్లో అరుపుగా వినిపిస్తుంది, అక్కడ నిండుగా ఉన్నది ఇక్కడ పూతగా కనిపిస్తుంది.

పైగా పద్యం ముగిశాక తీసే రాగానికి స్టూడియోలో దిక్కు లేదు. రంగస్థలం మీద నటుడు రాగం తీస్తూ జనం వైపు చూస్తాడు. ఆ చూపుకు జవాబుగా చప్పట్లో, ఈలలో, 'వన్స్‌మోర్' అన్న కేకలో వస్తాయి. ఆ జవాబును బట్టి రాగాన్ని ఇంకో మెట్టు ఎక్కించాలా, దించి వచనంలోకి రావాలా అన్నది అక్కడికక్కడ తేల్చుకుంటాడు. స్టూడియోలో ఎదురుగా ఉండేవి కెమెరాలు, చెవులకు హెడ్‌ఫోన్లు తగిలించుకున్న ఒక ఫ్లోర్ మేనేజరు. కృష్ణ పాత్రలో పేరు మోసిన ఒక పెద్దాయన రికార్డింగు అయ్యాక కిరీటం తీసి ఒళ్లో పెట్టుకుని, "ఎక్కడ ఆపాలో తెలియలేదు నాయనా, ఎవరూ ఆపలేదు మరి" అన్నారు. అప్పటికి నా పని ప్రశ్నలు అడగడం కాదు. నటులకు కాఫీలు అందుతున్నాయో లేదో చూడటం, స్క్రిప్టు పేజీలు సరిచూడటం. నాటకం గురించి నేను చదివిన వాటన్నిటి కంటే ఆ ఒక్క మాటలోనే ఎక్కువ విషయం ఉందనీ, దాన్ని మాత్రం ఎవరూ రికార్డు చేయలేదనీ ఆనాడే తోచింది.

నాటకం జనం ఇళ్లలోకి నడిచి రావడం టెలివిజన్‌తో మొదలైన సంగతేమీ కాదు. మొదట గ్రామఫోను వచ్చింది. నిమిషానికి 78 చుట్లు తిరిగే ఆ రికార్డులో ఒక్కో వైపు మూడు నిమిషాలకు మించి పెద్దగా పట్టదు గనుక, రంగస్థలం మీద పావుగంట సాగే పద్యం అందులో ఉరుకులు పరుగులతో ముగిసేది. తొలి తెలుగు టాకీగా 1932లో వచ్చిన 'భక్త ప్రహ్లాద' కూడా రంగస్థలం నుంచి నేరుగా వచ్చిన కథే. అందులో లీలావతిగా నటించిన కమలాబాయి సురభి నాటక కుటుంబాల ఆడపడుచు. తరువాత రేడియో వచ్చింది. పద్యనాటకానికి రేడియో చేసినంత మేలు మరే సాధనమూ చేయలేదని నా అభిప్రాయం, ఎందుకంటే రేడియోకు గొంతు చాలు. ఇలా ఇంటికి వచ్చిన ప్రతిసారీ నాటకం ఏదో ఒకటి గుమ్మం బయట విడిచిపెట్టే లోపలికి వచ్చింది: ఒకసారి నిడివిని, ఒకసారి ముఖాన్ని. బొమ్మ, మాట రెండూ చేతిలో ఉన్న టెలివిజన్ అన్నిటినీ తీసుకురావలసింది. అది మాత్రం అన్నిటికంటే ముఖ్యమైన ప్రేక్షకుణ్నే బయట వదిలి వచ్చింది.

నటులతో ఈ సంభాషణల ఆలోచన ఎవరి మేధస్సులోనూ పుట్టలేదు. రికార్డు చేసిన ఒక నాటకం అనుకున్న నిడివికి తక్కువ వచ్చింది. మిగిలిన నిమిషాలు నింపడానికి, అప్పటికే రంగు కడుక్కుని బస్సుకు బయలుదేరుతున్న నటుణ్ని వెనక్కి పిలిచి, పంచె, లాల్చీతోనే కూర్చోబెట్టారు. అడగడానికి ఎవరూ సిద్ధంగా లేకపోవడంతో నన్ను కూర్చోమన్నారు. ఆయన ముఖాన చెవుల దగ్గర ఇంకా కాస్త సఫేదా, అదే వేషానికి పూసే తెల్లరంగు, అంటుకునే ఉంది. ఏమడగాలో తోచక, రంగు పూర్తిగా పోవడానికి ఎంతసేపు పడుతుందని అడిగాను. కొబ్బరినూనె రాసి తుడవడం దగ్గర మొదలుపెట్టి, స్పిరిట్ గమ్‌తో అంటించిన మీసం పీకేటప్పటి మంట, పూర్వం అర్దళమనే పసుపురంగు, సఫేదా నూరుకుని ఎవరి రంగు వారే కలుపుకున్న రోజులు, పెట్రోమాక్స్ వెలుగులో ఒక తీరుగా, ఎలక్ట్రిక్ దీపాల కింద మరో తీరుగా రంగు వేసుకోవలసి రావడం దాకా ఆయన చెప్పుకుంటూ పోయారు. ఆ నాటకం ప్రసారమయ్యాక వచ్చిన ఉత్తరాలలో నాటకం ప్రస్తావన తక్కువ, రంగు ప్రస్తావన ఎక్కువ.

అప్పటి నుంచి నాకొక పట్టుదల ఏర్పడింది. "మీ నాటక ప్రస్థానం ఎలా మొదలైంది?" అన్న ప్రశ్న అడగకూడదు. సన్మాన సభల్లో చెప్పీ చెప్పీ అరిగిపోయిన జవాబు దానికి ఎప్పుడూ సిద్ధంగా ఉంటుంది: చిన్ననాటి ఆసక్తి, తండ్రిగారి కోపం, గురువుగారి ఆశీస్సులు. అవన్నీ నిజాలే కావచ్చు, కానీ అందరి నిజాలూ ఒక్కలాగే వినిపిస్తాయి. అదే ఆ మనిషిని తన పనిముట్ల గురించి అడిగితే, మరొకరు చెప్పలేనిది చెబుతాడు. గదను దేనితో చేశారు, బరువుంటే ఎత్తేదెలా, తేలికగా ఉంటే బరువున్నట్టు ఎత్తేదెలా; ఎదుటివాడు మాట మరిచిపోతే ఏం చేశారు; మాట అందించే ప్రాంప్టరు ఏ పక్కన నిలబడేవాడు; కాంట్రాక్టు నాటకాల కాలంలో రిహార్సలే లేకుండా, ఒకరినొకరు గ్రీన్‌రూములో తొలిసారి చూసుకున్న కృష్ణార్జునులు తెర లేచాక ఎలా సర్దుకున్నారు. ఈ చివరి ప్రశ్నకు వచ్చిన జవాబులన్నీ కలిపితే ఒక పెద్ద పుస్తకమవుతుంది. ఒక ఊరి నుంచి కృష్ణుడు, మరో ఊరి నుంచి ధర్మరాజు, ఇంకో ఊరి నుంచి హార్మోనియం పెట్టె వచ్చి, మూడూ ఒకే శ్రుతిలో కలవడం మన దగ్గర దశాబ్దాల పాటు ప్రతి రాత్రీ జరిగిన విషయం. దానికి మనం ఇవ్వవలసినంత విలువ ఇవ్వలేదు.

హరిశ్చంద్ర పాత్రకు పేరుపడ్డ ఒక పెద్దమనిషితో జరిపిన సంభాషణ నాకు బాగా గుర్తు. ఉత్తరీయానికి చిన్న మైకు తగిలించాం. మాట్లాడినంతసేపూ అంతా సవ్యంగానే నడిచింది. "కాటిసీనులో అంత పెద్ద పద్యం చదివేటప్పుడు ఊపిరి ఎక్కడ తీసుకుంటారండీ?" అని అడిగాను. పాదం చివర తీసుకుంటామని అందరూ అనుకుంటారనీ, అక్కడ తీసుకుంటే జనానికి తెలిసిపోతుందనీ ఆయన అన్నారు. శార్దూలంలో యతి 13వ అక్షరం దగ్గర, మత్తేభంలో 14వ అక్షరం దగ్గర పడుతుంది గనుక, దాని ముందు లిప్తపాటు ఆగితే ఆ విరుపు పద్యానిదే అనిపిస్తుంది, ఊపిరి తీసుకున్న సంగతి బయటపడదు. "కవిగారు మాటను యతి మీదుగా నడిపించారనుకోండి, అక్కడ ఆగితే మాట విరుగుతుంది, అర్థం చెడుతుంది. అప్పుడు అంతకుముందు మాట దగ్గరే ఊపిరి దొంగిలించాలి" అని, చెప్పడం కంటే చూపించడం సులువనుకున్నారేమో, కుర్చీలోంచి లేచి ఎత్తుకున్నారు. అద్దం వెనుక సౌండ్ ఇంజనీరు కూడా లేచి నిలబడ్డాడు. మీటరు ముల్లు ఎర్ర గీత దాటి అక్కడే కొట్టుకుంటోంది. ఆ ముక్క ప్రసారంలో కాస్త బొంగురుగానే వినిపించింది. అయినా తీసేయడానికి ఎవరికీ మనసొప్పలేదు. పద్యనాటకం గొంతు ఎంతటిదో నిక్కచ్చిగా చెప్పింది ఆ బొంగురే. ఆ తరువాత నటులు వచ్చిన రోజున పైనుంచి ఇంకో మైకు వేలాడదీసి ఉంచడం మాకు అలవాటయింది.

ఆడవేషాలు కట్టిన మగవారి గురించి కొత్త తరానికి ఉండే ఊహ సినిమాల హాస్య సన్నివేశాల నుంచి వచ్చినది. అలాంటి ఒక నటుణ్ని, డెబ్బై దాటిన వయసులో, తెల్ల పంచె, భుజాన కండువాతో కూర్చోబెట్టి నడక గురించి అడిగాను. ఆయన నవ్వి, "నడుము తిప్పుకుంటూ ఏ ఇల్లాలూ నడవదు బాబూ, అది మగవాళ్ల ఊహ" అన్నారు. ఆడవేషమంతా చేతుల్లో ఉందని ఆయన సిద్ధాంతం. కండువాను పైటలా వేసుకుని, కుర్చీలోంచి లేచి, మళ్లీ కూర్చున్నారు. కూర్చునే ముందు కుడిచెయ్యి లేని కుచ్చిళ్లను పోగుచేసి మోకాలి కిందికి సర్దింది. ఎడమచెయ్యి పైట చెంగును వేళ్ల మధ్య ఒక్క చుట్టు చుట్టి వదిలింది. ఎవరూ చెప్పకుండానే కెమెరామన్ ముఖం వదిలి చేతుల మీదికి దిగాడు. తరువాత ఎడిటింగులో ఆ షాటును ఎన్నిసార్లు చూశామో! మాట ఒక్కటి లేదు, పాత్ర మాత్రం వచ్చి కూర్చుంది.

ఆ సంభాషణ ముగిశాక నాకు స్థానం నరసింహారావుగారు గుర్తుకు రాకుండా ఉండలేదు. సత్యభామగా, చింతామణిగా, రోషనారాగా ఆంధ్రదేశాన్ని మెప్పించి, 1956లో పద్మశ్రీ అందుకున్న ఆ మహానటుడు 1971లోనే వెళ్లిపోయారు. హైదరాబాదుకు టెలివిజన్ వచ్చింది ఆ తరువాత ఆరేళ్లకు. బళ్లారి రాఘవగారు 1946లోనే పోయారు. వాళ్ల రంగస్థల నటన గురించి మనకున్నది ఎక్కువగా చూసినవాళ్లు చెప్పిన మాట, రాసిన మాట. చీరకట్టు ఎలా మార్చారో, ఒక్క మాటను ఎన్ని తీరుల పలికారో వాళ్లనే కూర్చోబెట్టి అడిగే అవకాశం మా కెమెరాకు దక్కలేదు. అందుకే, వయసు మళ్లిన నటుల పేర్లు రాసి పెట్టుకుని, ముందు పెద్దవాళ్లను రికార్డు చేద్దామని నేను తొందరపెడితే సహోద్యోగులు నన్ను యముడి గుమాస్తా అని ఆటపట్టించేవారు.

సురభి వాళ్లను స్టూడియోకు పిలవడం అర్థం లేని పని. వాళ్ల నాటకం వాళ్ల పరదాల్లో, వాళ్ల తాళ్లలో, వాళ్ల పిల్లల్లో ఉంది. 1885లో కడప జిల్లా సురభి గ్రామంలో వనారస గోవిందరావుగారి ఆధ్వర్యంలో 'కీచక వధ' ఆడి మొదలైన ఆ కుటుంబాలు, ఆడవేషాలు మగవాళ్లే కట్టే కాలంలోనే ఇంటి ఆడవాళ్లను రంగస్థలం మీదికి తెచ్చాయి. మేము కెమెరాలు తీసుకుని వాళ్ల దగ్గరికే వెళ్లాం. 'మాయాబజార్' ఆడుతున్న రాత్రి, సైడ్ వింగులో ఒక పెట్టె మీద కూర్చున్న పెద్దావిడతో మాటలు కలిపాను. తన తొలి వేషం తనకు గుర్తు లేదనీ, అప్పటికి తనకు నెలలు కూడా నిండలేదనీ, చంటిపిల్ల అవసరమైన సీనులో అమ్మ తనను ఎత్తుకుని వెళ్లిందనీ చెబుతూ, చెబుతూనే లేచి, పైట సర్దుకుని, దీపాల వెలుగులోకి నడిచి, నాలుగు మాటలు పలికి, కన్నీళ్లు పెట్టుకుని, వెనక్కి వచ్చి పెట్టె మీద కూర్చుని, "అప్పుడు మా నాయన ఏమన్నాడంటే..." అని వాక్యాన్ని విడిచిన చోటి నుంచే అందుకున్నారు. కళ్ల తడి ఇంకా ఆరలేదు. మేము ఆ ముక్కను ఎక్కడా కత్తిరించకుండా ప్రసారం చేశాం. నటన, జీవితం అంటూ వ్యాఖ్యానం రాయమని ఒకరు సలహా ఇచ్చారు. ఎందుకులే అనిపించింది.

వాళ్లు మాకు పెట్టిన షరతు ఒక్కటే: లడ్డూలు ఘటోత్కచుడి నోట్లోకి ఎగిరి వెళ్లే సీనులో తీగ కనబడకూడదు. బి.వి. కారంత్ వంటి దర్శకుడు వచ్చి పనిచేసి వెళ్లిన బృందాలవి, ఆధునిక రంగస్థలం తెలియనివాళ్లేం కారు. అయినా ఆ తీగ మాత్రం కుటుంబపు సొత్తు. ఒక షాటులో వెలుగు పడి తీగ తళుక్కుమంటే, బాగున్న షాటు అయినా తీసేశాం. నాటకం రహస్యాలు చెప్పించడం నా పనే గాని, అన్నీ చెప్పించడం కాదు.

సాంఘిక నాటకాల గురించి నేను తక్కువే చేశాను. 1929లో తెనాలిలో మొదలైన ఆంధ్ర నాటక కళాపరిషత్తు, ఆ తరువాత ఊరూరా పుట్టిన పరిషత్తుల పోటీలు వచన నాటకానికి ప్రాణం పోశాయి. కానీ ఆ నటులతో మాట్లాడితే సంభాషణ తరచుగా బహుమతుల మీదికి, న్యాయనిర్ణేతల మీదికి మళ్లేది. కమ్యూనిస్టు ఉద్యమంతో పాటు నడిచిన ప్రజానాట్యమండలి వాళ్లు మాత్రం వేరు. తెలంగాణ రైతుల పోరాటం మీద రాసిన 'మా భూమి' వంటి నాటకాన్ని నిషేధాల మధ్య పల్లెల్లో ఆడినవాళ్లు, వేషాల మూటను నెత్తిన పెట్టుకుని రాత్రిపూట పొలం గట్ల మీద నడిచిన సంగతి చెబుతుంటే, మధ్యలో ప్రశ్న వేయడం నాకు అనవసరమనిపించేది.

తరువాత ఛానళ్లు పెరిగాయి. సమయం పెరిగింది, ఓపిక తగ్గింది. రంగస్థల నటుణ్ని పిలుద్దామంటే, "సినిమాల్లో ఎవరిగా చేశారు?" అన్నది మొదటి ప్రశ్న అయింది. నేను దాన్ని తప్పుపట్టలేదు గాని, వాడుకోవడం నేర్చుకున్నాను. 'శంకరాభరణం' చూసిన లోకానికి జె.వి. సోమయాజులుగారు శంకరశాస్త్రి, నాటకాలు చూసినవాళ్లకు ఆయన 'కన్యాశుల్కం'లో రామప్ప పంతులు, వారి తమ్ముడు రమణమూర్తిగారు గిరీశం. సినిమా పేరు చెప్పి కూర్చోబెట్టి, 1892లో విజయనగరంలో తొలిసారి ప్రదర్శించిన నాటకం దాకా ప్రేక్షకుణ్ని నడిపించవచ్చని ఇలాంటి ఉదాహరణలే నాకు నేర్పాయి. శంకరశాస్త్రిని చూసిన కళ్లతో రామప్ప పంతుల్ని ఊహించుకోమనడమే ఒక మంచి కార్యక్రమం.

ఆ టేపుల్లో అన్నీ ఇప్పుడు లేవు. టేపు ఖరీదైన వస్తువుగా ఉన్న రోజుల్లో ప్రసారమైపోయిన దాన్ని చెరిపి, దాని మీదే మరొకటి రికార్డు చేసుకోవడం అనేక దేశాల టెలివిజన్లలో మామూలు వ్యవహారం. నేను చేసిన వాటిలో కొన్ని అలాగే పోయాయి. ఆ పైట సర్దిన చేతులు అలా పోయినవాటిలోవే. మిగిలినవి ఇప్పుడు ఫోన్లలో ముక్కలు ముక్కలుగా తిరుగుతున్నాయి, చాలావరకు పద్యాలు మాత్రమే. మాటల భాగం చూసేవాళ్లు తక్కువ. చూసినవాళ్లు మాత్రం నాటకాలు నేర్చుకుంటున్న పిల్లలే ఎక్కువ అని తెలిసి సంతోషించాను.

నేను చివరి రోజుల్లో చేసిన వాటిలో నాకు ఇష్టమైనది నటుడితో కాదు, ఒక హార్మోనిస్టుతో చేసినది. ఎంతోమంది కృష్ణుల వెనుక పెట్టె వాయించిన మనిషి. పేరు కరపత్రంలో అడుగున, చిన్న అక్షరాల్లో ఉండేది. పద్యం ఎత్తుకునే ముందు నటుడి కంఠమణి కదలికను చూస్తానని, అది పైకి పోయిన తీరును బట్టి ఈ రాత్రి గొంతు బాగుందో లేదో తనకు జనం కంటే ముందే తెలుస్తుందని, బాగాలేని రోజున ఎవరికీ చెప్పకుండా శ్రుతి ఒక మెట్టు దించి కాపాడతానని, ఆ సంగతి కొందరు మహానటులకు కూడా తెలియదని ఆయన చెప్పారు. నిడివి ఎక్కువైందని, సగానికి సగం తగ్గించమని పైనుంచి మాట వచ్చింది. ఎడిటింగు గదిలో కూర్చుని నా ప్రశ్నలన్నీ తీసేసి చూశాను. నిడివి సరిపోయింది.